సీరియల్‌లో చేరాలా, సినిమా కోసం ఆగాలా?

ప్రశ్న: బీఎఫ్ఏ పెయింటింగ్ పూర్తి చేశాను. ప్రొడక్షన్ డిజైనర్ (సినిమాలో సెట్లు, పరిసరాల రూపం చూసుకునేవారు) కావాలని కోరిక. ఒక టీవీ సీరియల్‌లో ఆర్ట్ అసిస్టెంట్‌గా రమ్మంటున్నారు. చేరమంటారా, సినిమా అవకాశం వచ్చేదాకా ఆగమంటారా?
– ఒక పాఠకురాలు, విజయనగరం

జవాబు: ఆగకండి, చేరిపోండి. సీరియల్ అని చిన్నచూపు వద్దు. ఒకే ఇంట్లో నెలల తరబడి షూటింగ్ జరుగుతుంది, ఈరోజు తీసే సీన్‌కి ముందు ముక్క ఎప్పుడో పోయిన వారం తీసి ఉంటారు, అప్పుడు టీపాయ్ మీదున్న కాఫీ గ్లాసు, గోడ మీది క్యాలెండర్ ఇప్పుడూ అలాగే కనపడాలి. ఆ టెన్షన్‌లో నేర్చుకున్నది ఎక్కడికెళ్లినా పనికొస్తుంది.

పెయింటింగ్ చదివారు కాబట్టి ఒకటి గట్టిగా చెబుతాను. బొమ్మ బాగుంటే దర్శకుడు మెచ్చుకుంటారు, కార్పెంటర్‌కి మాత్రం కొలతలు కావాలి. తలుపు ఎటు తెరుచుకోవాలి, కెమెరా వెనక్కి జరగాలంటే ఏ గోడ ఊడదీసేలా కట్టాలి, ప్లైవుడ్ ఎన్ని షీట్లు పడుతుంది, ఖర్చెంత, ఇవన్నీ మీ ప్లాన్ చూడగానే తెలియాలి. స్కేలు ప్రకారం గీయడం ఇప్పుడే మొదలుపెట్టండి.

కళాదర్శకుడు తోట తరణి గారూ చిత్రకారుడే. ‘నాయకన్’ (1987) కోసం ముంబై ధారావిని మద్రాసు స్టూడియోలో సెట్ వేసి జాతీయ అవార్డు అందుకున్నారు. ఆ ఇరుకు సందులు చూడండి, నిన్నమొన్న కట్టారన్న అనుమానమే రాదు! చెమ్మ ఎక్కడ దిగుతుంది, చేతులు తగిలి తగిలి గోడ ఏ ఎత్తులో నల్లబడుతుంది, ఇదంతా ఊళ్లో ఇళ్లను చూసి నేర్చుకోవాల్సిందే. కొత్త గోడను పాతగా చూపించడమే ఈ పనిలో అన్నిటికన్నా గొప్ప విద్య అని నా నమ్మకం.

తర్వాత చదువుకోవాలనిపిస్తే పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ (ఎఫ్‌టీఐఐ)లో ఈ కోర్సు ఉంది. చేరేముందు మాత్రం డబ్బు రోజు లెక్కా, నెల లెక్కా, రాత్రి షూటింగ్ అయితే ఇంటికి దింపుతారా అన్నవి తప్పకుండా అడగండి. మొహమాటపడకండి.

ప్రశ్న: గ్రాఫిక్స్ వచ్చాక సెట్లతో పనేముంది?
– ఒక పాఠకుడు, ఖమ్మం

జవాబు: చాలా ఉంది. ‘మాయాబజార్’ (1957)లో ద్వారక మీనియేచరే (చిన్న నమూనా) కదా, అయినా ఆ సినిమాకి కళాదర్శకులైన గోఖలే, కళాధర్ గార్లు నటులు తిరిగే సెట్లు కూడా వేయాల్సే వచ్చింది. ‘బాహుబలి’కీ అంతే. మాహిష్మతిని సాబు సిరిల్ రామోజీ ఫిల్మ్‌సిటీలో కొంత కట్టారు, మిగతాది కంప్యూటర్‌లో వచ్చింది. ఎంతవరకు కట్టాలి, ఎక్కడ ఆపాలి అన్నది షూటింగ్‌కి ముందే తేల్చుకోవాలి, ఆ చర్చలో ప్రొడక్షన్ డిజైనర్ లేకుండా కుదరదు. కాబట్టి పెన్సిల్‌తో పాటు త్రీడీ సాఫ్ట్‌వేర్ ఒకటి నేర్చుకోండి.