కాన్సుల్ ఏం చేయగలడు, ఎక్కడ ఆగిపోతాడు?

ప్రశ్న: డిగ్రీ ఆఖరి సంవత్సరంలో ఉన్నాను. కాన్సుల్ ఉద్యోగానికి నోటిఫికేషన్ ఎప్పుడు పడుతుంది? పరీక్ష తెలుగులో రాయొచ్చా?
– ఒక విద్యార్థిని, ఎంవీపీ కాలనీ

జవాబు: ఆ పేరుతో నోటిఫికేషన్ ఎప్పుడూ పడదమ్మా. కాన్సుల్ అన్నది విదేశీ నగరాల్లో మనవాళ్ల పనులు చూసే అధికారి హోదా. మీరు చేరాల్సింది ఇండియన్ ఫారిన్ సర్వీస్‌లో. అందుకు యూపీఎస్సీ సివిల్స్ రాసి, సర్వీసుల ప్రాధాన్యాల్లో దాన్ని పైన పెట్టుకుని, తగిన ర్యాంకు తెచ్చుకోవాలి. జనరల్ అభ్యర్థులకు వయసు 21 నుంచి 32, ప్రయత్నాలు ఆరు. ప్రిలిమ్స్ విశాఖలోనే రాయొచ్చు. మెయిన్స్‌కి విజయవాడో హైదరాబాదో వెళ్లాలి. మెయిన్స్ 1750 మార్కులు, ఇంటర్వ్యూ 275.

మెయిన్స్ జవాబులు తెలుగులో రాయొచ్చు, తెలుగు సాహిత్యాన్ని ఆప్షనల్‌గా తీసుకోవచ్చు. అయితే ర్యాంకులో కలవని పేపర్లు రెండున్నాయి: ఇంగ్లిష్ ఒకటి, భారతీయ భాష ఒకటి, ఒక్కోటీ 300 మార్కులు. ఏ ఒక్కదానిలో 25 శాతం రాకపోయినా మిగతా పేపర్ల మార్కులు లెక్కలోకే రావు. అమ్మభాషే కదా అని తెలుగు పేపర్ని చివరి వారానికి వదిలేయకండి.

ఎంపికయ్యాక ముస్సోరీలో ఫౌండేషన్ కోర్సు, ఢిల్లీలోని సుష్మా స్వరాజ్ సంస్థలో శిక్షణ. తర్వాత ఒక విదేశీ భాష కేటాయించి, మూడో కార్యదర్శిగా బయటికి పంపుతారు. ఆ భాషలో పరీక్ష నెగ్గాకే ఉద్యోగం ఖాయమవుతుంది. కాన్సులేట్‌లో వేస్తే వైస్ కాన్సుల్, కాన్సుల్, పైన కాన్సుల్ జనరల్. సుమారు మూడేళ్లకోసారి సామాను సర్దుకోవాలి. పిల్లల బడి, భాగస్వామి ఉద్యోగం ప్రతిసారీ మొదటికొస్తాయి. విందులు, సూటూబూటూ ఫొటోల్లో కనిపిస్తాయి. రోజువారీ పని మాత్రం పాస్‌పోర్టులు, అటెస్టేషన్లు, జైలు సందర్శనలు, మార్చురీ కాగితాలు.

సివిల్స్ భారమనిపిస్తే స్టాఫ్ సెలక్షన్ కమిషన్ డిగ్రీ స్థాయి పరీక్ష సీజీఎల్‌లో విదేశాంగ శాఖ అసిస్టెంట్ సెక్షన్ ఆఫీసర్ పోస్టు చూడండి. విదేశీ పోస్టింగులు వాళ్లకీ ఉంటాయి.

ప్రశ్న: రాయబారికీ కాన్సుల్‌కీ తేడా ఏమిటి? ఇద్దర్నీ అరెస్టు చేయకూడదంటారు, నిజమేనా?
– ఒక విశ్రాంత ఉద్యోగి, సీతమ్మధార

జవాబు: రాయబారి ఉండేది రాజధానిలో, ఆయన మాట్లాడేది ప్రభుత్వంతో. కాన్సుల్ జనరల్‌కు కొంత ప్రాంతం అప్పగిస్తారు, ఆయన పని అక్కడి మనుషులతో. అమెరికా ఎంబసీ ఢిల్లీలో ఉంటే, మన విశాఖ 2008లో తెరిచిన హైదరాబాద్ కాన్సులేట్ పరిధిలోకి వస్తుంది. అలాగే మనకు అబుదాబిలో ఎంబసీ, దుబాయ్‌లో కాన్సులేట్. అరెస్టు సంగతి సగమే నిజం. రాయబారికి 1961 వియన్నా ఒప్పందం ఇచ్చే రక్షణ దాదాపు సంపూర్ణం. కాన్సుల్‌కు వర్తించే 1963 ఒప్పందం అంత ఉదారం కాదు. విధి నిర్వహణలో చేసిన పనులకే రక్షణ. తీవ్రమైన నేరమైతే, న్యాయాధికారి ఉత్తర్వు మీద కాన్సుల్‌నూ అరెస్టు చేయొచ్చు.

ప్రశ్న: మా అబ్బాయి పనిచేసే ఓడను గల్ఫ్‌లో లంగరు వేసి వదిలేశారు. మూడు నెలలుగా జీతం లేదు. కాన్సులేట్‌కు ఫోన్ చేస్తే వివరాలు పంపమన్నారు. ఏ వివరాలు?
– ఒక తల్లి, మల్కాపురం

జవాబు: ఓడ పేరొక్కటే పంపితే పని కదలదు, ఒకే పేరుతో చాలా ఓడలుంటాయి. ఓడకు శాశ్వత గుర్తింపైన ఏడంకెల ఐఎంఓ నంబరు, ఓడ ఏ దేశపు జెండాతో తిరుగుతోంది, ఏ రేవు దగ్గరుంది, అబ్బాయి పాస్‌పోర్టు, సీడీసీ (నావికుడి గుర్తింపు పుస్తకం), ఇండోస్ (నావికుల జాతీయ నమోదు) నంబర్లు, ఒప్పందపత్రం, పంపిన ఏజెంటుకు నావికుల్ని చేర్చుకునేందుకిచ్చే ఆర్‌పీఎస్‌ఎల్ లైసెన్సు నంబరు, నెలవారీ బకాయి లెక్క, ఓడలో మిగిలిన తిండి, నీళ్లు, డీజిల్ ఎన్ని రోజులకు వస్తాయో రాయాలి. ఇవే వివరాలతో విదేశాంగ శాఖ మదద్ పోర్టల్‌లో ఫిర్యాదు నమోదు చేసి, కేంద్ర నౌకాయాన అధికార సంస్థ డీజీ షిప్పింగ్‌కూ పంపండి.

ఇప్పుడు అసలు విషయం. నావికుల అంతర్జాతీయ ఒప్పందం ఎంఎల్‌సీ ప్రకారం రెండు నెలలు జీతం ఆగితే ఆ ఓడను వదిలేసినట్టే లెక్క. యజమాని ముందే తీసుకున్న బీమా నాలుగు నెలల వరకు జీతం, ఇంటికి వచ్చే ఖర్చు భరించాలి. ఆ ధ్రువపత్రం ఓడలో అందరికీ కనిపించేలా అంటించి ఉండాలి. అబ్బాయిని దాన్ని ఫొటో తీసి పంపమనండి. జెండా దేశం ఆ ఒప్పందంలో లేకపోతే ఈ దారి చాలావరకు మూసుకుపోతుంది.

ఇంకా ఆలస్యం ఎందుకవుతుందంటే, రేవు అధికారులు ఓడను మనుషుల్లేకుండా వదలనివ్వరు. బదులు సిబ్బంది వస్తేగానీ దిగనివ్వరు. కాన్సుల్ రేవు అధికారులతో, యజమానితో మాట్లాడగలడు, తిండీ నీళ్లూ అందేలా చూడగలడు, చేతిలో డబ్బు లేనివారికి భారతీయ సముదాయ సంక్షేమ నిధి నుంచి టికెట్ ఇప్పించగలడు. ఓడను పట్టుకుని అమ్మించేది మాత్రం కోర్టే. 'బాకీ మొత్తం అందింది' అన్న కాగితం మీద, సొమ్ము చేతికి రాకుండా అబ్బాయి సంతకం పెట్టకూడదు. ఏజెంటుకు లైసెన్సు లేదని తేలితే, ఆ సంగతి దాచకుండా మొదటి మెయిల్‌లోనే రాయండి.

ప్రశ్న: మా తమ్ముణ్ని విదేశంలో పోలీసులు పట్టుకున్నారు. కాన్సుల్ విడిపించగలరా?
– ఒక పాఠకుడు, గాజువాక

జవాబు: విడిపించలేరు. కోర్టులో లాయరులా నిలబడి వాదించనూ లేరు. కాన్సులేట్‌కు తెలియజేయమని కోరే హక్కు మాత్రం మీ తమ్ముడికి 1963 ఒప్పందం 36వ అధికరణం కింద ఉంది. ఆ హక్కు ఉందని పోలీసులే చెప్పాలి. అడిగితే జాప్యం లేకుండా కబురు పంపాలి. చాలా దేశాల్లో అడగకపోతే పంపరు. అందుకే మీరే ముందు అతని పాస్‌పోర్టు నంబరు, పట్టుకున్న తేదీ, స్టేషన్ పేరు రాసి కాన్సులేట్‌కు పంపండి. కాన్సులర్ అధికారి వెళ్లి కలుస్తారు, లాయర్ల జాబితా ఇస్తారు, దుబాసీ ఏర్పాటు గురించి అడుగుతారు. అర్థంకాని భాషలో ఉన్న వాంగ్మూలం మీద సంతకం పెట్టొద్దన్నది తమ్ముడికి ముందుగా చేరవేయాల్సిన మాట.