కోహిమా బయల్దేరే ముందు

బ్రాడీపేట, గుంటూరు

చిరంజీవి శ్రీనుకి,

మీ మామగారి తాతగారి సమాధి చూపించడానికి ఆయన్ని నాగాలాండ్‌లోని కోహిమా తీసుకెళ్తున్నావని మీ పిన్ని చెప్పింది. టికెట్లు తియ్యకముందే పేరు ఎక్కడుందో తేల్చుకో. రెండో ప్రపంచ యుద్ధంలో, 1944లో కోహిమా దగ్గర జపాన్ సైన్యంతో జరిగిన పోరులో పోయినవాళ్లంతా అక్కడే లేరు. కోహిమాలో ఉన్న సమాధులు 1,420. దహనం చేసిన హిందూ, సిక్కు సైనికులు 917 మందికి గుట్ట పైన స్మారకం ఉంది. ఆచూకీ దొరకనివాళ్ల పేర్లు చాలావరకు బర్మాలో, తౌక్యాన్‌లోని రంగూన్ మెమోరియల్ మీద ఉన్నాయి. మీ మామగారివాళ్లు లూథరన్ క్రైస్తవులు కాబట్టి కోహిమాలో దొరికితే సమాధే దొరకాలి.

ఈ సమాధుల్ని చూసుకునే కామన్వెల్త్ వార్ గ్రేవ్స్ కమిషన్ వెబ్‌సైట్‌లో వెతుకు. ఇంటిపేరు కొట్టకు. మనవాళ్లలో చాలామందిని ఒక్క పేరుతోనే రాసుకున్నారు. వెంకయ్యని ఇంగ్లీషులో నాలుగు రకాలుగా రాస్తారు కదా, నాలుగూ కొట్టి చూడు. సర్వీసు నంబరు ఉంటే దానంత గట్టి ఆధారం లేదు. పాత పెన్షన్ కాగితాలో మెడల్ పెట్టో మీ అత్తగారి ట్రంకులో ఉందేమో అడుగు. ఊరు చూసేటప్పుడు విజయవాడ అని కాదు, బెజవాడ అని చూడు. కృష్ణా జిల్లాని అప్పట్లో ‘కిస్ట్నా’ అని రాసేవారు. దొరికాక ప్లాటు, వరస, సమాధి నంబరు మూడూ కాగితం మీద రాసుకో. అదంతా మెట్లుమెట్లుగా ఉన్న గుట్ట, మామగారి మోకాళ్లతో వెతుక్కుంటూ తిరిగే చోటు కాదు.

అక్కడ రాతి దిమ్మ మీద కంచు పలక ఉంటుంది. మన సమాధుల పండగలా సున్నం వెయ్యడం, కొవ్వొత్తి అంటించడం పనికిరాదు. ముఖ్యంగా చింతపండు. మీ అత్తగారు ఇత్తడి చెంబు తోమినట్టు తోముదామంటారు. చింతపులుపు కంచు మీది ముదురు పొరని తినేస్తుంది. రెండు రోజులు మెరుస్తుంది, తర్వాత పచ్చటి మరకలు పడతాయి. తడిపి పిండిన మెత్తటి నూలుగుడ్డతో ఒక్కసారి తుడిస్తే చాలు, సబ్బు వద్దు. ఫొటో పొద్దున్నే ఏటవాలు ఎండలో తియ్యి. నడినెత్తి ఎండలో పలక మెరిసి అక్షరాలు పోతాయి. పూలు నేలమీద పెట్టండి.

నాగాలాండ్‌లో అడుగుపెట్టడానికి ఇన్నర్ లైన్ పర్మిట్ అనే అనుమతి ఆన్‌లైన్‌లో ముందే తీసుకో, మన భారతీయులకీ కావాలి. వివేక్ ఎక్స్‌ప్రెస్ విజయవాడలో ఎక్కితే దిమాపూర్ దాకా మారక్కర్లేదు. అక్కడినించి కోహిమాకి సుమారు 74 కిలోమీటర్ల కొండదారి. వానాకాలం చరియలు విరిగిపడి ఆగిపోతుంది, అందుకని నవంబరు మంచిది. డిసెంబరు మొదటి పది రోజులు హార్న్‌బిల్ పండగ, గదులు దొరకవు. ఆదివారం కోహిమాలో దుకాణాలు మూసేస్తారు, టిఫిన్ సంగతి ముందురోజే చూసుకో. సాయంత్రం నాలుగున్నరకే చీకటి పడుతుంది.

పేరు దొరక్కపోతే ఆ సర్వీసు నంబరు నాకు వాట్సాప్ చెయ్యి, ఇంఫాల్‌లోని యుద్ధ సమాధుల జాబితాలో చూస్తాను.

మీ బాబాయి