చైనాలో కులం లేదు కదా, మరి అక్కడ ఎక్కువ తక్కువలు ఎలా ఏర్పడతాయి?

ఈ ప్రశ్న అడిగినవారు చివర్లో "కష్టపడితే ఎవరైనా పైకి రాగలిగే సమాజం కదా అది" అని ఒక మాట చేర్చారు. నాకు అభ్యంతరం ఆ మాట దగ్గరే. హైదరాబాదులోని ఒక సంస్థ తరఫున దక్షిణ చైనా నగరం షెన్‌జెన్‌లో సర్క్యూట్ బోర్డుల నాణ్యత తనిఖీ చూసే ఉద్యోగంలో నేను కొన్నేళ్లు ఉన్నాను. కష్టపడని మనిషిని అక్కడ దాదాపు చూడలేదు, ఒక్క మా ఇంటి యజమానిని తప్ప. మా వీధి మొత్తంలో అందరికంటే సంపన్నుడు ఆయనే. చైనాలో మనిషి స్థాయిని తేల్చేవి రెండే విషయాలని నా గట్టి అభిప్రాయం: అతని పేరు ఏ ఊరి రిజిస్టరులో ఉంది, ఆ ఊరి పొలాల మీదికి నగరం వచ్చిందా లేదా. చదువూ తెలివీ వాటి తర్వాతే.

రిజిస్టరంటే హుకౌ. 1958లో తెచ్చిన నిబంధనలతో ప్రతి పౌరుడి పేరూ ఒక ఊరికి, వ్యవసాయం లేదా వ్యవసాయేతరం అనే పద్దుకు ముడిపడింది. రేషను ధాన్యం, ప్రభుత్వ ఉద్యోగం, ఇల్లు, వైద్యం నగరపు పద్దువారికి దక్కాయి. పల్లె పద్దువారు పండించి పంపాలి, కరువొస్తే తమ తిప్పలు తామే పడాలి. పైగా 1998 దాకా బిడ్డకు తల్లి హుకౌయే సంక్రమించేది కాబట్టి, తండ్రి నగరవాసి అయినా తల్లిది పల్లె అయితే బిడ్డదీ పల్లె పద్దే. పుట్టుకతో వచ్చే ఇలాంటి తేడాను మన ఊళ్లలో పెరిగినవారికి విడమరచి చెప్పనక్కర్లేదు. 2014లో ఆ రెండు పద్దుల తేడాను తొలగిస్తున్నట్టు ప్రకటించారు గానీ, హుకౌ ఏ నగరానిది అన్న చిక్కు అలాగే మిగిలింది. 2020 జనగణనలో నగరాల్లో నివసించేవారు జనాభాలో 63.89 శాతమని తేలగా, నగర హుకౌ ఉన్నవారు 45.4 శాతమే. నగరంలోనే బతుకుతూ ఆ నగరపు లెక్కలో లేనివారు పాతిక కోట్లకు పైగా ఉన్నారన్నమాట.

అద్దె తక్కువని నేను బావొఆన్ జిల్లాలో ఒక నగర గ్రామంలో ఉండేవాణ్ని. పాత పల్లెటూరి ఇళ్ల స్థలాల్లోనే ఏడెనిమిది అంతస్తులు లేపేసిన మేడలవి. ఎంత ఇరుకంటే ఎదురు మేడవాడితో కిటికీలోంచే కరచాలనం చేయవచ్చు, పట్టపగలు కూడా గదిలో దీపం వేసుకోవాలి. కింది అంతస్తులో యజమాని గది. షెన్‌జెన్ ఉన్న గ్వాంగ్‌డాంగ్ రాష్ట్రపు ఆనవాయితీ ప్రకారం అక్కడ పెద్ద చెక్క టీ బల్ల, దాని మీద మట్టి కూజా, మన బొటనవేలు పట్టేంత చిన్న కప్పులు ఉండేవి. ఆయన రబ్బరు చెప్పులతో, నడుముకు తాళాల గుత్తితో రోజంతా అక్కడే కూర్చుని, నెల మొదట్లో మాత్రం లేచి కరెంటు మీటర్లూ నీటి మీటర్లూ చూసి పుస్తకంలో రాసుకునేవారు.

ఒక సాయంత్రం నేను అద్దె కట్టడానికి వెళ్లేసరికి, మా కర్మాగారంలో లైన్ సూపర్‌వైజరుగా పనిచేసే, హూనాన్ అనే లోపలి రాష్ట్రం నుంచి వచ్చిన మహిళ ప్లాస్టిక్ ఫోల్డరు ఒకటి చేత్తో పట్టుకుని అక్కడ ఉంది. ఆమె, భర్త, కొడుకు అదే మేడలో ఒక్క గదిలో ఉండేవారు. నా చైనీస్ అంతంతమాత్రమే అయినా విషయం అర్థమైంది. పిల్లవాణ్ని ప్రభుత్వ పాఠశాలలో చేర్చాలంటే మార్కుల పద్ధతి ఒకటుంది: స్థానిక హుకౌ, సొంత ఇల్లు ఉన్నవారు ముందు వరుసలో ఉంటారు; అవి లేనివారు ఎన్నేళ్లుగా నివసిస్తున్నారో, ఎన్నేళ్లు సామాజిక బీమా కట్టారో చూపించి వెనక వరుసలో నిలబడాలి. ఫోల్డరులో నివాస కార్డు, బీమా రసీదులు, పిల్లవాడి టీకాల పుస్తకం అన్నీ వరుసగా ఉన్నాయి. ఇంటి అద్దె ఒప్పందాన్ని నమోదు చేయించిన పత్రం ఒక్కటే తక్కువ. అది ఇవ్వాలంటే యజమాని తన మేడను, అందులోని అద్దెలను అధికారుల లెక్కలో చూపించుకోవాలి. ఆయన ఆమెను కూర్చోబెట్టారు, టీ పోశారు, ఊళ్లో పెద్దవాళ్లు ఎలా ఉన్నారని అడిగారు, "ఈ పత్రాల గొడవ నాకొద్దమ్మా, ఎవరికీ ఇవ్వలేదు" అన్నారు. ఆమె గొంతు పెంచలేదు. కప్పులో టీ తాగి, పుస్తకంలో ఆ నెల అద్దె రాయించుకుని, ఫోల్డరు సర్దుకుని వెళ్లిపోయింది.

ఆయన చెడ్డవాడని నేను అనను. తన చిన్నతనంలో ఆ ఊరు వరిమళ్లూ లీచీ తోటలేనని, తిండికి గతిలేక తోటివాళ్లు రాత్రిపూట సముద్రం ఈది హాంకాంగ్‌కు పారిపోయేవారని ఆయనే చెప్పేవారు. 1980లో షెన్‌జెన్‌ను ప్రత్యేక ఆర్థిక మండలి చేశారు. దాని చుట్టుపక్కల ఊళ్లు తమ ఉమ్మడి భూమిని కర్మాగారాలకు అద్దెకిచ్చాయి, ఊరివాళ్లు ఇంటిమీద అంతస్తు వేస్తూ పోయారు. 2004లో ఆ ప్రాంతంలోని పల్లెవాసులందరినీ నగరవాసులుగా మార్చి, ఊరి ఉమ్మడి ఆస్తులను వాటాల కంపెనీలకు అప్పగించారు. మా యజమానికి ఏటా డివిడెండు వచ్చేది. నగరం ఇంకో అడుగు ముందుకు వేసి మేడలనే కూల్చినా నష్టపోయేది ఆయన కాదు. 2019లో బాయ్‌షిజౌ అనే నగర గ్రామాన్ని ఖాళీ చేయించినప్పుడు, మేడల యజమానులకు కొత్త ఫ్లాట్లు, పరిహారం మాట్లాడుకున్నారు. అద్దెకున్నవారు మాత్రం పిల్లల బడి ఎక్కడ వెతకాలో తెలియక రోడ్డున పడ్డారు. సూపర్‌వైజరు తండ్రీ, మా యజమానీ 1970లలో ఒకే రకం పేద రైతులు. ఒకరి పొలం హాంకాంగ్ పక్కన ఉంది, మరొకరిది హూనాన్ కొండల్లో ఉంది.

షాంఘైలో అద్దాల మేడలు, బుల్లెట్ రైలు వీడియో తీసుకుని వచ్చి "చైనావాళ్లు కష్టజీవులు, మనం సోమరులం" అని ఉపన్యాసమిచ్చే మన యాత్రికులను చూస్తే అందుకే నాకు ఒళ్లు మండుతుంది. ఆ రైలు కిటికీలోంచి టీకాల పుస్తకాలు కనపడవు. వర్గాలు విప్లవంతోనే పోయాయని నమ్మించే మన ఎర్రజెండా మిత్రులదీ అదే తీరు. 1950ల భూసంస్కరణలో భూస్వామి, ధనిక రైతు అని వేసిన ముద్రలు 1979లో తొలగించేవరకు వారి పిల్లల చదువులకూ పెళ్లిళ్లకూ అడ్డుపడుతూనే వచ్చాయి. 2001లో, ఆ ముద్రలు వేసిన కమ్యూనిస్టు పార్టీయే ప్రైవేటు వ్యాపారులకు సభ్యత్వం ఇవ్వడానికి తలుపులు తెరిచింది. 2020 మేలో అప్పటి ప్రధాని లీ కచియాంగే తమ దేశంలో 60 కోట్ల మంది నెలసరి ఆదాయం సుమారు 1,000 యువాన్లని విలేఖరుల ముందు చెప్పారు. షెన్‌జెన్‌లో ఆ డబ్బుకు మంచి గది కూడా దొరకదు.

చదువు దారి లేదా అంటే ఉంది. మా కర్మాగారపు మేనేజరు సిచువాన్ పల్లె నుంచి వచ్చినవాడే. విశ్వవిద్యాలయ పట్టాతో షెన్‌జెన్ హుకౌ సంపాదించుకున్నాడు, సూపర్‌వైజరు బాధ ఆయనకు అర్థమయ్యేదే కాదు. కానీ ఆ పట్టా దాకా చేరడానికే హుకౌ అడ్డం వస్తుంది. తొమ్మిదో తరగతి తర్వాత రాసే ప్రవేశ పరీక్షలో, అదే ప్రభుత్వ ఉన్నత పాఠశాలలో సీటుకు బయటి హుకౌ పిల్లలకు ఎక్కువ మార్కులు కావాల్సి వచ్చేది. వలస కుటుంబాల పిల్లలు గ్వాంగ్‌డాంగ్‌లో విశ్వవిద్యాలయ ప్రవేశ పరీక్ష రాయడానికి 2016 నుంచి షరతులతో అనుమతించారు. ఆ షరతుల్లో ఒకటి మూడేళ్ల ఉన్నత పాఠశాల చదువు అక్కడే పూర్తిచేసి ఉండటం. మన దగ్గర 371-డి గొడవలు ఎన్ని ఉన్నా, పిల్లవాడు ఎక్కడ చదివాడన్నదాన్ని బట్టి స్థానికత వస్తుంది. అక్కడ తల్లిదండ్రుల పేర్లు ఏ రిజిస్టరులో ఉన్నాయన్నదే మొదటి ప్రశ్న.

సూపర్‌వైజరు కొడుకు చివరికి హూనాన్‌లో అమ్మమ్మ దగ్గరికి వెళ్లాడు, కొంతకాలానికి ఆమె కూడా ఉద్యోగం మానేసి వెళ్లింది. జిల్లా కేంద్రంలో అప్పు చేసి ఫ్లాటు కొన్నారని, భర్త షెన్‌జెన్‌లోనే భోజనాలు డెలివరీ చేస్తూ వాయిదాలు కడుతున్నాడని తర్వాత తెలిసింది. ఆ చిన్న పట్టణం హుకౌ అడిగినవారికల్లా ఇస్తుంది, అయినా ఆమె తీసుకోలేదు. పల్లె హుకౌ ఉంటే ఊళ్లో భూమి వాటా, ఇంటి స్థలం నిలుస్తాయి. పట్టణపు కాగితంతో తనకు ఒరిగేదేమిటని ఆమె నన్నే ఎదురు అడిగింది.