30 లక్షల ఇంటి అప్పు 62 లక్షలు ఎలా అవుతుంది?

ప్రశ్న: మాది విజయనగరం. నాకు 36 ఏళ్లు, ప్రభుత్వ స్కూల్లో టీచర్ని. మా ఆవిడ ప్రైవేటు స్కూల్లో చేస్తోంది. ఇద్దరిదీ కలిపి నెలకు 76 వేలు చేతికొస్తుంది. టౌన్‌లో కడుతున్న అపార్ట్‌మెంట్‌లో ఫ్లాట్ 42 లక్షలు చెప్పారు, ఏడాదిలో అప్పగిస్తారట. మా దగ్గర 12 లక్షలున్నాయి. మిగతా 30 లక్షలకు బ్యాంకు వాళ్లు 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్లకు నెలకు 26,035 రూపాయలు అన్నారు. లెక్కేస్తే మొత్తం 62 లక్షలు దాటుతోంది! పైగా ‘30 ఏళ్లు పెట్టుకోండి సార్, ఈఎంఐ 3 వేలు తగ్గుతుంది’ అంటున్నారు. ఊళ్లో ఎకరంన్నర పల్లం మీద ఏటా సంక్రాంతికి 26 వేల దాకా కౌలు డబ్బులొస్తాయి. ఏం చేయమంటారు?

జవాబు: మీ లెక్క సరిగ్గానే ఉంది. 26,035ను 240 నెలలతో గుణిస్తే 62.48 లక్షలు. అందులో వడ్డీ 32.48 లక్షలు. ఇందులో బ్యాంకు మోసమేమీ లేదు. ప్రతి నెలా ఎంత అసలు మిగిలి ఉందో దాని మీదే వడ్డీ వేస్తారు. మొదటి నెల మీ బాకీ మొత్తం 30 లక్షలు, దాని మీద వడ్డీ 21,250. మీరు కట్టిన 26,035లో అది పోగా అసలుకు జమయ్యేది 4,785 రూపాయలే. అసలు కొంచెమే తగ్గింది కాబట్టి రెండో నెల వడ్డీ కూడా కొంచెమే తగ్గుతుంది.

ఇలా ఐదేళ్లలో మీరు 15.62 లక్షలు కట్టేస్తారు. అప్పుడు బ్యాంకుకెళ్లి స్టేట్‌మెంట్ తీస్తే బాకీ ఇంకా 26.44 లక్షలు ఉంటుంది. పదేళ్లకు, అంటే సగం కాలం గడిచాక, తీరేది 9 లక్షలు. ఈఎంఐలో వడ్డీ కంటే అసలు వాటా ఎక్కువయ్యేది పన్నెండో ఏడు చివర్లో. అప్పు సగానికి, అంటే 15 లక్షలకు, దిగడానికి దాదాపు 14 ఏళ్లు పడుతుంది. సాంక్షన్ లెటర్‌తో పాటు వాయిదాల పట్టిక అడిగి తీసుకోండి. నెలనెలా అసలు ఎంత, వడ్డీ ఎంత అని 240 వరసలుంటాయి. చాలామంది ఆ కాగితాన్ని ఫైల్లో పెట్టేసి మళ్లీ తెరవరు.

ఇప్పుడు 30 ఏళ్ల సంగతి. ఈఎంఐ 23,067కు తగ్గుతుంది, నెలకు 2,967 మిగులుతుంది. మొత్తం చెల్లింపు మాత్రం 83.04 లక్షలవుతుంది. అదే 15 ఏళ్లకైతే ఈఎంఐ 29,542, మొత్తం 53.18 లక్షలు. మీ విషయంలో 30 ఏళ్లకు ఇంకో చిక్కుంది. అప్పు తీరేసరికి మీకు 66 నిండుతాయి. రాష్ట్ర ప్రభుత్వంలో పదవీ విరమణ వయసు 62. మీ వయసును బట్టి మీరు సీపీఎస్‌లోనే (నెలనెలా జీతంలోంచి వాటా కోసే కొత్త పెన్షన్ పథకం) ఉంటారు. అంటే చివరి నాలుగేళ్ల వాయిదాలు జీతం లేని రోజుల్లో, పాత పెన్షన్ భరోసా కూడా లేకుండా కట్టాలి. అందుకని మీకు నా ఓటు 20 ఏళ్లకే. 15 ఏళ్ల ఈఎంఐ కూడా జీతంలో 39 శాతమే, మోయగలరు. కానీ ప్రైవేటు స్కూలు జీతం ఒక్క ఏడాది ఆగినా ఊపిరాడదు. 20కి తీసుకుని ముందే తీర్చే దారి పెట్టుకుంటే రెండు విధాలా మంచిది.

62 లక్షల అంకె చూసి మరీ బెంబేలెత్తొద్దు. ఇరవయ్యో ఏట కట్టే 26 వేలు, ఈనాటి 26 వేలు ఒకటి కావు. ధరలు ఏటా 6 శాతం చొప్పున పెరుగుతాయనుకుని ఆ వాయిదాలన్నిటినీ ఈనాటి రూపాయల్లోకి మారిస్తే సుమారు 36.3 లక్షలవుతుంది. 30 ఏళ్ల అప్పుకైతే 38.5 లక్షలు. అంటే కాగితం మీద 20 లక్షలు కనబడే తేడా ఈనాటి విలువలో 2 లక్షల చిల్లరే. ఎక్కువ కాలం పెట్టుకోమనేవాళ్ల వాదన ఇదే, అందులో నిజం లేకపోలేదు. అయితే ధరలతో పాటు జీతం పెరిగేవాళ్లకే అది వర్తిస్తుంది. మిగిలిన 2,967 నెలనెలా ఎక్కడో ఒకచోట దాచగలిగే క్రమశిక్షణ కూడా కావాలి. ఆ డబ్బు సాధారణంగా పండగ బట్టల్లోకి, బండి వాయిదాల్లోకి పోతుంటుంది.

అసలు ప్రమాదం వడ్డీ రేటు మారినప్పుడు వస్తుంది. 2019 అక్టోబర్ 1 నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ (వడ్డీ రేటు మారుతూ ఉండే) హోమ్ లోన్లను రెపో (బ్యాంకులకు రిజర్వ్ బ్యాంక్ అప్పిచ్చే రేటు) లాంటి బయటి రేటుకు ముడిపెడుతున్నాయి. మూడు నెలలకు ఒకసారైనా రేటు సవరించాలి. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి మధ్య రెపో 4 నుంచి 6.5 శాతానికి ఎక్కింది. అప్పుడు చాలామందికి ఈఎంఐ మారలేదు, కాలం పెరిగింది. ఈఎంఐ అలాగే ఉంది కదా అని వాళ్లు పట్టించుకోలేదు.

మీ అప్పుకే వేసి చూద్దాం. ఏడాది తర్వాత బాకీ 29.40 లక్షలుంటుంది, మిగిలిన వాయిదాలు 228. అప్పుడు రేటు 8.5 నుంచి 9.5 అయిందనుకోండి. ఈఎంఐ కదపకుండా ఉంచితే 228 వాయిదాలు కాస్తా 285 అవుతాయి. దాదాపు నాలుగేళ్ల తొమ్మిది నెలలు అదనం, డబ్బులో 14.8 లక్షలు. అదే కాలం కదపకుండా ఈఎంఐని 27,899కి పెంచుకుంటే మీకు పడే అదనపు భారం మొత్తం 4.25 లక్షలే. నెలకు 1,864 రూపాయల దగ్గర మొహమాటపడితే పది లక్షలు పోతాయన్నమాట. 2023 ఆగస్టు 18న రిజర్వ్ బ్యాంక్ ఇచ్చిన ఆదేశాల ప్రకారం రేటు సవరించినప్పుడు ఈఎంఐ పెంచుకోవడమా, కాలం పెంచుకోవడమా, రెండూ కొంత కొంతా, లేక కొంత అసలు కట్టేయడమా అన్నది మిమ్మల్ని అడగాలి. మీరు పలక్కపోతే కాలమే పెరిగిపోవచ్చు. రేటు మారినట్టు మెసేజ్ వచ్చిన ప్రతిసారీ ‘కాలం పెంచొద్దు, ఈఎంఐ సవరించండి’ అని రాతపూర్వకంగా ఇచ్చి, రసీదు ముద్ర వేయించుకోండి. రేటు తగ్గినప్పుడు దీనికి రివర్స్‌లో చేయాలి. 2025లో ఫిబ్రవరి నుంచి జూన్ లోపు రెపో ఒక శాతం దిగింది. అలాంటప్పుడు ఈఎంఐ తగ్గిస్తామంటే వద్దనండి, పాత ఈఎంఐనే కొనసాగించి వాయిదాలు తగ్గించమనండి.

రెపోకు పైన బ్యాంకు కలిపే స్ప్రెడ్ మీద కూడా ఒక కన్నుండాలి. కొత్తగా వచ్చేవాళ్లకు తక్కువ స్ప్రెడ్ ఇచ్చి పాతవాళ్లను ఎక్కువలోనే ఉంచడం మామూలే. రెండు మూడేళ్లకోసారి అదే బ్యాంకు కొత్తవాళ్లకు ఇస్తున్న రేటు కనుక్కోండి. తేడా అర శాతం దాటితే కన్వర్షన్ ఫీజు ఎంతో అడిగి మార్పించుకోవచ్చు. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఈ రెపో నిబంధన లేదు, వాళ్ల సొంత ప్రామాణిక రేటు ఉంటుంది. అది ఎక్కేంత వేగంగా దిగదు.

కౌలు డబ్బుల విషయంలో మీరు అదృష్టవంతులే. ఏటా సంక్రాంతికి ఆ 26 వేలు, అంటే ఒక ఈఎంఐ అంత, అసలు కింద కడితే అప్పు 20 ఏళ్లకు బదులు 16 ఏళ్ల 9 నెలల్లో తీరిపోతుంది. కలిసొచ్చేది 6.17 లక్షలు. దీనికి తోడు డీఏ, ఇంక్రిమెంటు వచ్చినప్పుడల్లా ఈఎంఐ పెంచగలిగితే ఇంకా మేలు. కౌలు డబ్బు ముట్టకుండా, ఏటా 5 శాతం చొప్పున ఈఎంఐ పెంచుకుంటూ పోయినా 12 ఏళ్ల 3 నెలల్లో బాకీ సున్నా అవుతుంది. వడ్డీ 32.48 నుంచి 20.8 లక్షలకు దిగుతుంది. అయితే పన్నెండో ఏట ఈఎంఐ 44,500 దాటుతుంది. ఆవిడ ఉద్యోగాన్ని నమ్ముకుని దీన్ని మొదలుపెట్టొద్దు, మీ జీతం ఒక్కదానితో కట్టగలిగినంతే పెంచండి.

ముందస్తుగా కట్టేది ఎంత తొందరగా కడితే అంత పనిచేస్తుంది. మొదటి ఏడాది చివర్లో కట్టిన ఒక్క లక్ష 18 వాయిదాలను తీసేస్తుంది, అంటే 4.7 లక్షలు. అదే లక్ష పదిహేనో ఏడు చివర్లో కడితే ఆరు వాయిదాలు కూడా పూర్తిగా తగ్గవు. కాబట్టి కడుతూ కడుతూ చివర్లో రిటైర్మెంట్ డబ్బుతో అప్పు మూసేద్దామనుకోవడం లాభసాటి కాదు. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ రేటు హోమ్ లోన్‌కు ముందస్తు చెల్లింపుపై ఎలాంటి చార్జీ వసూలు చేయకూడదు. కట్టేటప్పుడు ‘అసలుకు జమ, ఈఎంఐ యథాతథం, కాలం తగ్గించాలి’ అని స్పష్టంగా రాయండి. ఏమీ చెప్పకుండా ఖాతాలో వేస్తే రాబోయే వాయిదాల కింద అడ్వాన్స్‌గా పట్టుకునే చోట్లున్నాయి. అలా జరిగితే వడ్డీ తగ్గదు. వారం తర్వాత స్టేట్‌మెంట్ తీసి బాకీ తగ్గిందో లేదో చూసుకోండి. ఇదంతా చేసేముందు ఆరు నెలల ఈఎంఐలకు సరిపడా, సుమారు 1.6 లక్షలు, విడిగా ఫిక్స్‌డ్ డిపాజిట్‌లో ఉంచాలి. కొన్ని బ్యాంకుల్లో ఓవర్‌డ్రాఫ్ట్ తరహా హోమ్ లోన్ ఉంటుంది. అందులో వేసిన డబ్బు మీద ఆ రోజులకు వడ్డీ పడదు, అవసరమైతే వెనక్కి తీసుకోవచ్చు. రేటు కొంచెం ఎక్కువ. చేతిలో ఎప్పుడూ లక్షా రెండు లక్షలు నిల్వ ఉండేవాళ్లకే అది లాభం.

చీటీ పాడి ఆ డబ్బుతో అప్పు తీర్చొచ్చా అని మీరు అడగలేదు గానీ అడిగేవాళ్లు చాలామంది. మొదటి నెలల్లో పాడితే పోయే తగ్గింపు హోమ్ లోన్ వడ్డీని మించిపోతుంది. వద్దు.

మీ లెక్కలో అసలు కనబడనిది రిజిస్ట్రేషన్. ఏపీలో సేల్ డీడ్‌కు స్టాంపు డ్యూటీ 5, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ 1.5, రిజిస్ట్రేషన్ ఫీజు 1, కలిపి 7.5 శాతం. 42 లక్షల మీద 3.15 లక్షలు. ఇలాంటి ఇళ్లకు బ్యాంకు ఈ మొత్తాన్ని ఇంటి విలువలో కలిపి అప్పివ్వదు. కట్టడంలో ఉన్న ఫ్లాట్ కాబట్టి జీఎస్టీ కూడా ఉంది. మన ఊళ్లలాంటి చోట కార్పెట్ ఏరియా (ఇంటి లోపల వాడుకునే జాగా) 90 చదరపు మీటర్లు, అంటే సుమారు 968 చదరపు అడుగుల లోపు ఉండి ధర 45 లక్షలు దాటకపోతే 1 శాతం, లేదంటే 5 శాతం. మీ ఫ్లాట్‌కు అది 42 వేలు కావచ్చు, 2.10 లక్షలూ కావచ్చు. బ్రోచర్‌లో రాసే బిల్టప్ ఏరియా కాదు, కార్పెట్ ఏరియా చూడండి. ప్రాసెసింగ్ ఫీజు, దానిపై 18 శాతం జీఎస్టీ, లీగల్ ఒపీనియన్, వాల్యుయేషన్, తనఖా పత్రం ఖర్చులు వీటి పైన. అంటే మీ 12 లక్షలు ఫ్లాట్ ధరకే సరిపోతాయి, ఇంకో 4 నుంచి 6 లక్షలు కావాలి. ఈ ఖాళీని పర్సనల్ లోన్‌తోనో, బంగారం పెట్టో పూడ్చి రెండు వాయిదాలు నెత్తికెత్తుకున్నవాళ్లే మొదటి రెండేళ్లలో తడబడతారు. ఆ డబ్బు చేతికి వచ్చాకే అగ్రిమెంట్ మీద సంతకం పెట్టండి.

ఏడాది పాటు కట్టడం సాగుతుంటే బ్యాంకు విడతలవారీగా డబ్బు ఇస్తుంది. అప్పటిదాకా ఇచ్చినంత మీద వడ్డీ మాత్రమే కట్టే పద్ధతిని ప్రీ ఈఎంఐ అంటారు. సగటున 15 లక్షలు బయట ఉంటే ఏడాదికి 1.27 లక్షలు పోతాయి. అందులో ఒక్క రూపాయి అసలుకు చేరదు, పైగా అద్దె కట్టడం మానరు. అప్పగింత ఆలస్యమైన ప్రతి నెలా ఇదే ఖర్చు. 500 చదరపు మీటర్ల స్థలం లేదా 8 ఫ్లాట్లు దాటిన ప్రాజెక్టు ఏపీ రెరాలో (రియల్ ఎస్టేట్ నియంత్రణ సంస్థ) నమోదై ఉండాలి. ఆ నంబరుతో రెరా వెబ్‌సైట్‌లో పూర్తిచేసే తేదీ చూసుకోండి. మంజూరైన ప్లాన్‌కు మించి వేసిన అంతస్తులో ఫ్లాట్ అయితే బ్యాంకులు వెనక్కి తగ్గుతాయి, వేరే సంస్థ 11 శాతానికి ఇస్తానంటుంది. అదే 30 లక్షలకు 20 ఏళ్లలో 74.3 లక్షలు కడతారు. బిల్డర్ తగ్గించిన లక్ష రెండు లక్షలు దాని ముందు ఏపాటి?

అప్పుతో పాటు ఒకేసారి ప్రీమియం కట్టే బీమా అంటగడతారు. 90 వేల ప్రీమియాన్ని అప్పులోనే కలిపితే నెలకు 781 పెరుగుతుంది, 20 ఏళ్లకు 1.87 లక్షలు. జీవిత బీమా మీకు అవసరమే. అది విడిగా టర్మ్ పాలసీగా తీసుకుంటే అప్పు వేరే బ్యాంకుకు మార్చినా మీతో వస్తుంది. 2024 అక్టోబర్ 1 తర్వాత మంజూరైన రిటైల్ లోన్లకు కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ ఇవ్వాలి. ఫీజులన్నీ కలుపుకుని అసలు రేటు ఎంత పడుతుందో ఏపీఆర్ పేరుతో అందులో ఉంటుంది. రెండు బ్యాంకులను పోల్చేటప్పుడు 8.5, 8.4 చూడకండి, ఏపీఆర్ చూడండి.

పన్ను మినహాయింపు వస్తుందని ఎవరైనా ఊరిస్తే నమ్మొద్దు. కొత్త పన్ను విధానంలో సొంతంగా ఉండే ఇంటి వడ్డీకి మినహాయింపు లేదు. పైగా జీతం ఏడాదికి 12.75 లక్షలు దాటనివారికి 2025-26 నుంచి అందులో పన్నే పడదు. మీ ఇద్దరికీ అదే వర్తిస్తుంది.

అప్పు తీరిన రోజున నో డ్యూ సర్టిఫికెట్ ఒక్కటి చాలదు. ఒరిజినల్ పత్రాలు 30 రోజుల్లో ఇవ్వాలి. బ్యాంకు తప్పుతో ఆలస్యమైతే రోజుకు 5 వేల చొప్పున మీకు పరిహారం చెల్లించాలి. ఇప్పుడు పత్రాలు అప్పగించేటప్పుడే లింకు డాక్యుమెంట్లతో సహా ప్రతి కాగితం నంబరూ రాసిన జాబితా మీద బ్యాంకు సంతకం తీసుకుని దాచండి. తనఖా రిజిస్టర్ అయి ఉంటే దాన్ని రద్దు చేయించి, సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో కొత్త ఈసీ (ఆస్తి మీద తనఖాలు, లావాదేవీలు చూపే సర్టిఫికెట్) తీసి బాకీ కనబడటం లేదని చూసుకోండి.