డెమరేజి అనే మాట గురించి తమ్ముడి కూతురికి ఒక లేఖ

విశాఖపట్నం

చిరంజీవి అమ్మాయికి పెదనాన్న ఆశీస్సులు.

షిప్పింగ్ ఏజెంటు ఆఫీసులో నీకు ఉద్యోగం దొరికినందుకు ఇంటిల్లిపాదీ సంతోషించాం. డెమరేజి అంటే అసలు ఏమిటి, ఇంగ్లీషు ఉత్తరాల్లో దాన్ని ఎక్కడ ఎలా వాడాలి అని నువ్వు అడిగిన ప్రశ్నకు ఫోనులో నాలుగు ముక్కలు చెప్పి సరిపెట్టడం నాకు ఇష్టం లేకపోయింది. నా ఉద్యోగ జీవితమంతా ఈ రేవు కాగితాల మధ్యనే గడిచింది. ఈ మాటను అందరూ వాడతారు, కానీ ఒకే బల్ల చుట్టూ కూర్చున్న నలుగురూ దానితో నాలుగు వేర్వేరు విషయాలు ఉద్దేశిస్తారు. అందువల్ల తీరికగా రాస్తున్నాను, నువ్వూ తీరికగా చదువు.

మొదట అలవాటు చేసుకోవలసింది ఒకటుంది. డెమరేజి అనే మాట ఏ కాగితంలో కనబడినా, ఎవరు ఎవరిని అడుగుతున్నారు, ఏ ఒప్పందం ప్రకారం అడుగుతున్నారు, ఆగిపోయిన వస్తువు ఏది అనే మూడు సంగతులు తేల్చుకోనిదే జవాబు మొదలుపెట్టకు. ఆగింది ఓడ కావచ్చు, షెడ్డులోని సరుకు కావచ్చు, రైలు వ్యాగను కావచ్చు. మాట ఒకటే అయినా బాధ్యత పడేది వేర్వేరు మనుషుల మీద.

మూలం కూడా తెలుసుకుంటే అర్థం మరిచిపోవు. ఆలస్యాన్ని చెప్పే మోరా అనే లాటిన్ మాట నుంచి పుట్టిన క్రియ పాత ఫ్రెంచి భాషలో ఆగడం, నిలిచిపోవడం అనే అర్థంతో స్థిరపడి అక్కడి నుంచి ఇంగ్లీషులోకి వచ్చింది. బ్యాంకు అప్పుల విషయంలో మనం తరచు వినే మారటోరియం కూడా ఆ మోరా కుటుంబానిదే. కాబట్టి డెమరేజిలో ఉన్నది ఆగడమే తప్ప పాడవడం కాదు. డ్యామేజీతో దీనికి ఏ సంబంధమూ లేదు. వినడానికి దగ్గరగా ఉండడం వల్ల సరుకు చెడిపోయినందుకు కట్టే డబ్బు అనుకునేవారు ఇప్పటికీ ఉన్నారు.

ఈ మాటకు అన్నింటికన్నా కచ్చితమైన అర్థం ఓడల అద్దె ఒప్పందంలో, అంటే చార్టర్ పార్టీలో ఉంది. ఓడను అద్దెకు తీసుకున్న చార్టరరుకు సరుకు ఎక్కించడానికో దించడానికో కొంత సమయం అద్దెలోనే కలిపి ఇస్తారు, దాన్ని లేటైమ్ అంటారు. ఆ సమయం దాటాక ఓడ ఆగిన ప్రతి రోజుకూ, రోజులో భాగానికీ ముందుగా ఒప్పుకున్న రేటు చొప్పున యజమానికి చెల్లించేదే డెమరేజి. ఊరికే ఒక ఉదాహరణ అనుకో. యాభై వేల టన్నుల కోకింగ్ కోల్ మన రేవులో దించాలి, రోజుకు 12,500 టన్నుల చొప్పున దించాలని ఒప్పందం, అంటే లేటైమ్ 4 రోజులు. మినహాయింపులన్నీ తీసేశాక 5 రోజుల 6 గంటలు పట్టింది. అదనంగా పట్టిన 30 గంటలు ఒకటింపావు రోజు. డెమరేజి రేటు రోజుకు 16,000 డాలర్లయితే చెల్లించవలసింది 20,000 డాలర్లు. అదే పని మూడు రోజుల్లోనే ముగిసి ఉంటే, మిగిల్చిన ఆ ఒక్క రోజుకు యజమానే చార్టరరుకు బహుమతి ఇస్తాడు. దాన్ని డిస్పాచ్ అంటారు, సాధారణంగా డెమరేజి రేటులో సగం ఉంటుంది. లెక్క ఇంత తేలిక. తగవంతా గడియారం ఎప్పుడు మొదలైంది, ఎప్పుడెప్పుడు ఆగింది అన్న దాని మీదే.

గడియారాన్ని మొదలుపెట్టేది నోటీస్ ఆఫ్ రెడీనెస్, అంటే ఓడ వచ్చింది, పనికి సిద్ధంగా ఉంది అని ఇచ్చే నోటీసు. ఆర్కే బీచ్ నుంచి చూస్తే సముద్రంలో లంగరు వేసుకుని బెర్తు కోసం, అంటే సరుకు దించడానికి గట్టు పక్కన ఆగే చోటు కోసం, కాచుకున్న ఓడలు కనిపిస్తాయి కదా, వాటిలో ప్రతి దాని గడియారమూ నడుస్తోందని అనుకోకు. ఒప్పందంలో చేరవలసిన చోటు బెర్తు అని ఉంటే, బెర్తుకు చేరే దాకా ఓడ వచ్చినట్టు కాదు. బెర్తు దొరికినా దొరకకపోయినా నోటీసు ఇవ్వవచ్చని ప్రత్యేకంగా రాసి ఉంటే మాత్రం లంగరు చోటు నుంచే ఇవ్వవచ్చు. చేరవలసింది రేవు అని మాత్రమే ఉంటే రేవు హద్దుల్లో, పనికి సిద్ధంగా ఉండి ఎదురుచూస్తున్న ఓడ వచ్చినట్టే లెక్క. రేవులో దారి చూపే పైలట్ ఎక్కి, డాల్ఫిన్స్ నోస్ కొండ పక్క కాలువ గుండా ఓడను ఇన్నర్ హార్బరులోకి తెచ్చే ప్రయాణ సమయాన్ని చాలా ఒప్పందాలు లేటైమ్ నుంచి మినహాయిస్తాయి. ఉత్తరం రాసే ముందు ఈ క్లాజును వేలు పెట్టి చదువు.

తరువాతి కాగితం స్టేట్‌మెంట్ ఆఫ్ ఫ్యాక్ట్స్. రేవులో ఓడ పని ఎప్పుడు జరిగిందో, ఎప్పుడు ఆగిందో గంటల వారీగా రాసే పత్రం అది, దాన్ని చాలావరకు నువ్వే తయారు చేయవలసి వస్తుంది కాబట్టి ఇక్కడ కొంచెం ఎక్కువ చెబుతాను. అందులో ఒక వరుస ఇలా ఉందనుకో: 14.20 వాన, హాచ్‌ల మూసివేత, 17.05 వాన తెరిపి, 17.40 పని పునఃప్రారంభం. హాచ్ అంటే ఓడలోని సరుకు గదికి పైన ఉండే మూత ద్వారం. వాతావరణం అనుకూలించిన పని రోజులనే లెక్కించాలని ఒప్పందంలో ఉంటే వాన కురిసిన రెండు గంటల నలభై అయిదు నిమిషాలూ తీసేస్తారు. ఆ తరువాతి ముప్పై అయిదు నిమిషాల సంగతి ఏమిటి? హాచ్‌లు తెరవడానికి పట్టిందని చార్టరరు అంటాడు, కూలీలు ఆలస్యంగా వచ్చారని యజమాని అంటాడు. వాన ఆగిన సమయాన్నీ పని మొదలైన సమయాన్నీ విడివిడిగా రాసి, మధ్యలో ఆలస్యానికి కారణమేమిటో ఒక్క మాటలో చేర్చకపోతే ఆ తగవు ఎవరూ తీర్చలేరు. వాన వల్ల పని ఆగిపోయెను అని ఒక వాక్యం గుప్పించి చేతులు దులుపుకునే పద్ధతిని నీ దగ్గరకు రానీయకు. క్రేనుకు తగిలించి సరుకు తోడే గ్రాబ్ చెడిపోతే అది ఓడ క్రేనుదా, రేవు క్రేనుదా అన్నది కూడా రాయాలి, ఎందుకంటే ఆ సమయం ఎవరి ఖాతాలో పడుతుందో దాని మీదే ఆధారపడుతుంది.

ఇంకొక సూత్రం ఈ వృత్తిలో అందరి నోటా వింటావు: ఒకసారి డెమరేజిలో పడితే ఎప్పటికీ డెమరేజిలోనే. లేటైమ్ అయిపోయాక కురిసిన వానకు, వచ్చిన ఆదివారానికి, జరిగిన సమ్మెకు మినహాయింపు లేదు, ఒప్పందంలో ఆ మినహాయింపు డెమరేజి కాలానికి కూడా వర్తిస్తుందని స్పష్టంగా రాసి ఉంటే తప్ప. 1960ల తొలినాళ్లలో బ్రిటన్‌లోని హౌస్ ఆఫ్ లార్డ్స్ స్పాల్మటోరి అనే ఓడ కేసులో ఈ సంగతినే తేల్చింది. ఆ కేసులో చార్టరరు మరెవరో కాదు, మన భారత ప్రభుత్వమే. పై ఉదాహరణలోని చివరి 30 గంటల్లో అయిదు గంటలు వాన పడినా ఒక్క డాలరు కూడా తగ్గదు. అక్టోబరు, నవంబరు నెలల్లో తుపాను కబుర్ల మధ్య బంగాళాఖాతంలో పనిచేసే రేవు మనది. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ ఈ ఊరిని ఎలా కుదిపేసిందో నీకూ గుర్తుండే ఉంటుంది. అటువంటి రోజుల్లో ఓడ లేటైమ్‌లో ఉందా, దాటిపోయిందా అనే ఒక్క తేడా మీద పెద్ద మొత్తాలు అటు ఇటు అవుతాయి.

ఇక రేవు వారు వేసే డెమరేజి వేరు. అక్కడ ఆగింది ఓడ కాదు, సరుకు. ఉచితంగా ఇచ్చిన రోజులు దాటాక కూడా షెడ్డులోనో యార్డులోనో సరుకు ఉండిపోతే దిగుమతిదారు మీద పడే రుసుము అది. రైల్వేలో మాట మళ్లీ మారుతుంది. 1989 నాటి రైల్వే చట్టం నిర్వచనం ప్రకారం ఉచిత సమయం దాటి వ్యాగన్లను ఆపి ఉంచినందుకు వేసేది డెమరేజి, రైల్వే ఆవరణ నుంచి సరుకు తీసుకుపోనందుకు వేసేది వార్ఫేజి. కానీ రేవులో వార్ఫేజి అంటే ఆలస్యంతో నిమిత్తం లేకుండా సరుకు రేవు మీదుగా పోయినందుకే కట్టే రుసుము. అంటే రైలు వాళ్లు వార్ఫేజి అనేదాన్ని రేవు వాళ్లు డెమరేజి అంటారు. బొగ్గు ఓడలో వచ్చి రేకులో, అంటే వ్యాగన్ల వరుసలో, వెళ్లే మన ఊరిలో ఈ రెండు బిల్లులూ ఒకే ఫైలులోకి వస్తాయి కాబట్టి, ఉత్తరంలో ఊరికే డెమరేజి అని రాయకుండా ఓడ డెమరేజి, రేవు డెమరేజి, వ్యాగన్ డెమరేజి అని ముందు ఒక విశేషణం తగిలించు. వాక్యం కొంచెం బరువెక్కినా ఫరవాలేదు.

కంటైనర్ల దగ్గర డిటెన్షన్ అనే ఇంకో మాట తోడవుతుంది. కంటైనరు పెట్టెను గడువులోగా తిరిగి ఇవ్వనందుకు షిప్పింగ్ లైను వసూలు చేసేది డిటెన్షన్, నిండు పెట్టె టెర్మినల్లో ఉండిపోయినందుకు పడేది డెమరేజి. కొన్ని లైన్లు రెంటినీ కలిపి ఒకే బిల్లుగా వేస్తాయి, అప్పుడు ఏ భాగం ఏదో అడిగి విడగొట్టించుకోవాలి. ఈ తేడా ఎంత అవసరమో 2020 మార్చిలో తెలిసింది. లాక్‌డౌన్ కాలానికి, మార్చి 22 నుంచి, వినియోగదారుల వద్ద డెమరేజి వంటివి వసూలు చేయవద్దని కేంద్ర షిప్పింగ్ మంత్రిత్వ శాఖ ప్రధాన రేవులకు చెప్పింది. కంటైనర్ డిటెన్షన్ గురించి మాత్రం డైరెక్టరేట్ జనరల్ ఆఫ్ షిప్పింగ్ అనే ప్రభుత్వ సంస్థ షిప్పింగ్ లైన్లకు విడిగా సలహా ఉత్తర్వు ఇవ్వవలసి వచ్చింది. ఏ బిల్లుకు ఏ ఉత్తర్వు చూపాలో మాట తెలిసినవారికే తెలుస్తుంది. అలాగే కస్టమ్స్ వారు స్వాధీనం చేసుకున్న, నిలిపి ఉంచిన సరుకు మీద కస్టోడియన్లు, అంటే ఆ సరుకును తమ ఆవరణలో భద్రపరిచేవారు, అద్దె గాని డెమరేజి గాని వేయకూడదని 2009 నాటి కస్టమ్స్ నిబంధనల్లో ఉంది. అటువంటి సందర్భం వస్తే ఆ నిబంధనను ఉటంకించడం మరువకు.

మన వాళ్లు డెమరేజిని తెలుగులో జరిమానా అనేస్తారు. మాటల్లో సాగిపోవచ్చు గాని కాగితం మీద అలా రాయకు, ఇంగ్లీషులో పెనాల్టీ అని అసలే రాయకు. ఆటోను బయట నిలబెట్టి ఇంట్లోకి వెళ్తే ఇచ్చే వెయిటింగు ఛార్జీకీ, ట్రాఫిక్ పోలీసు రాసే చలానాకూ ఎంత తేడా ఉందో ఇక్కడా అంతే తేడా. ఓడ డెమరేజి ఇరుపక్షాలూ ముందుగా ఒప్పుకున్న నష్టపరిహారం. అనేక చార్టర్ పార్టీలు ఇంగ్లండు చట్టాన్నీ లండన్ మధ్యవర్తిత్వాన్నీ ఎంచుకుంటాయి, ఆ చట్టంలో పెనాల్టీ అని తేలిన క్లాజు చెల్లదు. యజమాని తరఫున రాసే ఉత్తరంలో నువ్వే ఆ మాట వాడితే ఎదుటి లాయరు చేతికి ఆయుధం అందించినట్టవుతుంది. మన 1872 నాటి కాంట్రాక్టు చట్టం 74వ సెక్షను ఈ భేదాన్ని అంతగా పట్టించుకోకుండా, ఒప్పందంలో పేర్కొన్న మొత్తానికి మించని సముచిత పరిహారం ఇప్పిస్తుంది. అయినా సరైన మాటే రాయడం మంచిది.

వాక్యంలో వాడుక గురించి. ఇంగ్లీషులో ఓడ ఆన్ డెమరేజ్ అంటారు గాని ఇన్ డెమరేజ్ అనరు. డెమరేజి అక్రూ అవుతుంది, అంటే పేరుకుంటుంది, చార్టరరు దాన్ని ఇన్కర్ చేస్తాడు, అంటే తన మీదికి తెచ్చుకుంటాడు, యజమాని క్లెయిమ్ చేస్తాడు. బహువచనం చేసి డెమరేజెస్ అని రాయడం మన ఆఫీసుల్లో తరచు కనబడుతుంది, అది వదిలిపెట్టు. పలికేటప్పుడు రెండో అక్షరం మీద ఒత్తు పడాలి, మొదటిదాని మీద కాదు.

దీని బంధువు డిమర్ అనే క్రియ. ఆగడం నుంచి తటపటాయించడం, అక్కడి నుంచి మర్యాదగా అభ్యంతరం చెప్పడం అనే అర్థం దానికి వచ్చింది. గట్టిగా ఎదిరించడం కాదు, ఒప్పుకోవడానికి వెనుకాడడం. ఒక ప్రతిపాదన పట్ల అభ్యంతరం అని చెప్పేటప్పుడు దాని తరువాత టు గాని ఎట్ గాని వస్తుంది. భూతకాలంలో ఆర్ అక్షరం రెట్టింపవుతుంది. చివర ఇ చేర్చితే వచ్చే డిమ్యూర్ అణకువ గల అని అర్థమిచ్చే విశేషణం, స్పెల్‌చెక్ దాన్ని పట్టుకోదు కాబట్టి నువ్వే కనిపెట్టాలి. డిమరర్ అనేది కోర్టు మాట. ఎదుటివాడు చెప్పిన వాస్తవాలన్నీ నిజమే అనుకున్నా చట్టప్రకారం అతనికి దావా లేదు అనే వాదన అది. అమెరికాలో కాలిఫోర్నియా వంటి రాష్ట్రాల్లో ఆ పేరుతోనే పిటిషను వేస్తారు. మన సివిల్ కోర్టుల్లో సివిల్ ప్రొసీజర్ కోడ్ ఏడవ ఆర్డరు పదకొండవ రూలు కింద ప్లెయింటు, అంటే దావా పత్రం, తిరస్కరణ కోరినప్పుడు జరిగే వాదన ఇంచుమించు ఆ తీరులోనే ఉంటుంది.

నీ బల్ల మీద డిమర్ కనిపించేది ముఖ్యంగా బ్యాంకు గ్యారంటీల్లో. వితౌట్ డిమర్ అనే రెండు మాటలు అందులో ఉన్నాయంటే, గ్యారంటీ పొందినవారు అడిగిన వెంటనే, అసలు ఒప్పందంలో తగవు ఉందా లేదా అని చూడకుండా, ఏ అభ్యంతరమూ లేకుండా బ్యాంకు చెల్లించి తీరాలి. ఘోరమైన మోసం జరిగినప్పుడో, మళ్లీ పూడ్చలేని అన్యాయం జరగబోతున్నప్పుడో తప్ప కోర్టులు ఆ చెల్లింపును ఆపవు. మీ ఆఫీసు ఇచ్చే గ్యారంటీలో ఆ మాటలుంటే పైవారికి ఆ సంగతి చెప్పకుండా సంతకానికి పంపకు. మీకు వచ్చే గ్యారంటీలో ఆ మాటలు లేకపోతే వాటిని చేర్పించమని అడుగు, దానితోపాటు మొత్తాన్నీ క్లెయిము గడువు తేదీనీ చూసుకో.

గడువుల మాట వచ్చింది కాబట్టి ఇది కూడా రాసి ముగిస్తాను. చాలా చార్టర్ పార్టీల్లో డెమరేజి క్లెయిమును సరుకు దించడం పూర్తయిన కొన్ని వారాల్లోగా, లెక్కతోనూ ఆధార పత్రాలతోనూ కలిపి పంపాలని, లేకపోతే హక్కు పోతుందని ఉంటుంది. కొన్నింటిలో అది 30 రోజులు, కొన్నింటిలో 60, కొన్నింటిలో 90. ఓడ బెర్తు వదిలిన రోజునే ఆ తేదీని డైరీలో వేసుకుని, నోటీసు ప్రతి, స్టేట్‌మెంట్ ఆఫ్ ఫ్యాక్ట్స్, లేటైమ్ లెక్క ఒకే కవరులో పెట్టి ఉంచు. కెప్టెను అండర్ ప్రొటెస్ట్, అంటే అభ్యంతరంతోనే, అని రాసి సంతకం చేసి ఉంటే ఆ పేజీ విడిపోకుండా పైన పెట్టు. వచ్చే ఆదివారం ఇంటికి వస్తే ఏదైనా ఒక పాత లేటైమ్ లెక్క తీసుకురా, ఇద్దరం కూర్చుని వరుస వరుసా చూద్దాం.

ఆశీస్సులతో,
పెదనాన్న