వరంగల్ ఓపీలో కూర్చోబోయే మా డాక్టరమ్మకు

చి. అమ్మాయికి,

పెదనాన్న ఆశీస్సులు. వరంగల్‌లో జనరల్ మెడిసిన్ సీటు వచ్చిందని మీ నాన్న ఫోన్‌లో చెప్పాడు. సంతోషం. జబ్బుల గురించి నేను చెప్పక్కర్లేదు, పుస్తకాల్లో ఉంది. గుంటూరులో పుట్టి అక్కడే చదివినదానివి, ఇకమీద జనగామ, మహబూబాబాద్, ములుగు, భూపాలపల్లి వైపు నుంచి వచ్చే రోగుల ఎదురుగా కూర్చుంటావు. వాళ్లదీ తెలుగే, నీదీ తెలుగే. చిక్కంతా అందులోనే ఉంది. పరాయి భాషైతే అర్థం కాలేదని నీకే తెలిసి మళ్లీ అడుగుతావు. ఇక్కడ అర్థమైందనుకుని కేస్ షీట్ రాసేస్తావు.

ముందు ఒంటి సంగతి. అక్కడ ఒళ్లంటే పెయ్యి. "పెయ్యంత నొస్తుంది" అంటే ఒళ్లు నొప్పులు. మనవైపు పెయ్య అంటే ఆవుదూడ కాబట్టి మొదటిసారి వింటే నవ్వొస్తుంది, ఆపుకో. తలను నెత్తి అంటారు, అందులో మోటుతనమేమీ లేదు. చేతుల్ని రెక్కలంటారు. బొక్క అంటే ఎముక. "బొక్క ఇరిగింది" అన్న మాట మనకు ఎబ్బెట్టుగా వినిపిస్తుంది, వాళ్లకు అది ఎముక విరగడమే. రంధ్రాన్ని వాళ్లు పొక్క అంటారు. "పానం మంచిగ లేదు" అంటే ప్రాణం మీదికి వచ్చిందని కాదు, ఒంట్లో బాగాలేదని. అలా అన్నవాళ్లందర్నీ ఎమర్జెన్సీకి పంపక్కర్లేదు. అలాగని తేలిగ్గానూ తీసుకోకు, లోపల ఏముందో ఇంకో ప్రశ్న వేస్తేగానీ బయటికి రాదు.

దవాఖాన, సర్ది, గోలీ, దమ్ము ఉర్దూ దారిలో వచ్చిన మాటలు. నిజాం పాలన 1948 దాకా సాగింది కదా. సర్ది అంటే మన పడిశం. గోలీ అంటే మాత్ర, పిల్లలు ఆడుకునేది కాదు. జాగ్రత్త పడాల్సింది దమ్ముతో. మనకు దమ్మంటే ధైర్యం, పొలంలో అయితే నాటుకు ముందు చేసే దమ్ము, బీడీ దగ్గర ఒక పీల్పు. అక్కడి రోగి "దమ్మొస్తుంది" అంటే ఆయాసం. "నడుస్తె దమ్మొస్తుందా, పండుకుంటె గూడ వస్తుందా? ఎన్ని మెత్తలు పెట్టుకుంటవు?" అని అడిగితే గుండె వైపు వెళ్లాలో ఊపిరితిత్తుల వైపు వెళ్లాలో తేలుతుంది. మెత్త అంటే దిండు.

నొప్పిని ఒకే మాటగా రాయకు. కాళ్లు గుంజుతున్నయ్ అంటే మనం పీకుతున్నాయి అనేది. సలపడం వేరు, పోటు వేరు, మంట వేరు, మెలిపెట్టడం వేరు. తిమ్మిర్లు అన్నాడంటే నరం సంగతి చూడాలి. వీటన్నిటినీ 'పెయిన్' అని ఒక్క ముక్కలో కుదించేస్తే రోగి కష్టపడి చెప్పిన తేడా నీ కలం దగ్గర పోతుంది. ఇంకోటి, మన భాషలో చెయ్యికీ కాలికీ సరిహద్దుల్లేవు. తొడ నుంచి బొటనవేలి దాకా కాలే. కడుపు అంటే జీర్ణాశయం, పేగులు, గర్భం అన్నీ. "ఒక్క వేలితో చూపించు" అను. వేలు పెట్టి చూపించాడా, అరచేయి మొత్తం వేసి రుద్దాడా అన్నది కూడా రాసుకో. ఛాతీ మీద పిడికిలి పెట్టి "గ్యాస్ పట్టింది సారూ" అన్నవాడికి యాంటాసిడ్ రాసి పంపకు. ఛాతీ నొప్పితో వచ్చినవాడికి 10 నిమిషాల్లో ఈసీజీ తీయాలన్న నియమం గ్యాస్ అన్నవాడికీ వర్తిస్తుంది. (నువ్వు ఆడదానివైనా కొందరు సారూ అనే అంటారు. సర్దుకో.)

కుటుంబ చరిత్ర దగ్గర బోల్తా పడేది చుట్టరికాల మాటలతో. "మా అవ్వకు షుగర్ ఉండె" అంటే నువ్వు నాయనమ్మ అని రాస్తావు. అక్కడి పల్లెల్లో చాలామందికి అవ్వ అంటే కన్నతల్లి. రాయలసీమ నుంచి వచ్చినవాళ్లకైతే మళ్లీ నాయనమ్మో అమ్మమ్మో. బాపు అంటే నాన్న, కాక అంటే బాబాయి. "ఒక కొడుకు, ఇద్దరు బిడ్డలు" అంటే మొత్తం ముగ్గురు, బిడ్డ అంటే కూతురు. అలాగని నిన్ను "బిడ్డా" అన్న ప్రతి ముసలామె చుట్టరికం కలుపుతోందని అనుకోకు, అది ఆప్యాయత. అనుమానమొస్తే "నిన్ను కన్న తల్లేనా?" అని ఒక్క మాట అడుగు, తేలిపోతుంది.

ఇప్పుడు మందు. ఇది నిదానంగా చదువు. వైద్యం చేసే మందు, తాగే మందు, పొలంలో కొట్టే మందు, మూడూ మందే, ఏ జిల్లాలోనైనా. ఏ మందో చెప్పేది ఆ మాట కాదు, చెప్పే మనిషి, వేళ, గొంతు. పెళ్లాం విసుగ్గా "మందు తాగుతడు" అంటే సారాయి. తల్లి నింపాదిగా "మందు తాగిండు, తగ్గలేదు" అంటే దగ్గు సిరప్. రాత్రి పదకొండింటికి నలుగురు మోసుకొచ్చి, ఒకరు ఏడుస్తూ, మిగతావాళ్లు నేల చూపులు చూస్తూ "మందు తాగిండు" అంటే అది పురుగుల మందు, ఇంకేమీ కాదు. వరంగల్ చుట్టూ పత్తి పండే నేల, ఇవి వస్తూనే ఉంటాయి. కేసవుతుందనీ పరువనీ ఆ 'పురుగుల' అన్న మాట మింగేస్తారు. నువ్వే తెరిచి అడుగు: పురుగుల మందా, గడ్డి మందా? డబ్బా ఎక్కడుంది? ఊళ్లో ఉన్నవాళ్లకు ఫోన్ చేయించి డబ్బా మీది పేరు ఫొటో తీసి పంపమను. ఆర్గానోఫాస్ఫరస్ రకం పురుగుల మందైతే విరుగుడుగా అట్రోపిన్ మొదలుపెడతావు. పారాక్వాట్ లాంటి గడ్డి మందైతే విరుగుడు లేదు, ఆక్సిజన్ కూడా ఆచితూచి ఇవ్వాలి. ఒక్క విశేషణం తెలియకపోతే వైద్యమే తలకిందులవుతుంది.

అదే మామూలు రోగుల్ని తాగే అలవాటు సంగతి అడిగేటప్పుడు "మందు తాగుతావా?" అంటే "లేదు" అని వస్తుంది. అబద్ధం కాకపోవచ్చు, కల్లు వాళ్ల లెక్కలో మందు కాదు. కల్లు వేరుగా అడుగు, గుడుంబా వేరుగా అడుగు, దావత్‌లో అయితే ఎంత అని అడుగు. క్వార్టర్ అంటే 180 మిల్లీలీటర్లు, అలా కొలతల్లో రాసుకో. బీడీలైతే రోజుకు ఎన్ని కట్టలు అని.

కాలం మాటలు. పొద్దుగాల అంటే ఉదయం, మాపు అంటే సాయంత్రం నుంచి రాత్రి వైపు. "మబ్బుల లేసిన" అంటే మబ్బు పట్టిన వేళ కాదు, తెల్లవారకముందు చీకట్లో లేచానని. దీనితో ప్రాణాలు ముడిపడి ఉన్నాయి. "మబ్బుల లేసి చూస్తె కాలు చెయ్యి పడిపోయినయ్" అన్నారనుకో, పక్షవాతం మొదలైంది తెల్లవారుజామున అని రాసి గడ్డ కరిగించే ఇంజక్షన్‌కు నాలుగున్నర గంటలు అక్కణ్ణుంచి లెక్కపెడితే తప్పు. గడియారం మొదలయ్యేది మనిషి చివరిసారి మంచిగా కనబడినప్పుడు. "రాత్రి బువ్వ తిన్నప్పుడు మంచిగనే మాట్లాడిండా? నడుమల మూత్రానికి లేసిండా? ఎవరు చూసిండ్రు?" అని వెనక్కి వెళ్తూ అడగాలి. బువ్వ అక్కడ పెద్దవాళ్ల అన్నం కూడా, చిన్నపిల్లల మాట కాదు. ఒక్కపొద్దు అంటే ఉపవాసం. షుగర్ రోగి "ఇయ్యాల ఒక్కపొద్దున్న" అంటే షుగర్ తగ్గించే గ్లిమెపిరైడ్ గోలీ వేసుకుని తిండి మానేశాడేమో చూడు, కళ్లు తిరిగి పడ్డది అందుకే కావచ్చు. ఏ వారం ఒక్కపొద్దుంటారో ముందే అడిగి రాసుకుంటే మంచిది.

ఇప్పుడు చెప్పబోయే చిక్కు యాసది కాదు, తెలుగు వ్యాకరణానిది. "గోలీలు వేసుకుంటున్నావా?" అంటే "ఏస్కుంట" అంటాడు. రోజూ వేసుకుంటాననీ ఇకమీద వేసుకుంటాననీ రెండూ ఆ ఒక్క క్రియలోనే ఉన్నాయి. మనవైపు వేసుకుంటాను అన్నా అంతే. కాబట్టి జరిగిపోయినదాన్ని అడుగు: నిన్న రాత్రి వేసుకున్నావా, ఇవాళ పొద్దుగాల వేసుకున్నావా, పట్టీలో ఎన్ని మిగిలాయి, తీసి చూపించు. "జ్వరం రాలేదు కదా?" అని అడగనే అడగకు. "ఆఁ" అంటాడు, వచ్చిందనో రాలేదనో దేవుడికే తెలియాలి. "తగ్గిందిలే" అన్న మాట చివర 'లే' వింటే తగ్గిందని రాయకు, ఇక అడగొద్దని అర్థం. ఎందుకు అడగొద్దంటున్నాడో కనుక్కో, తరచుగా అది డబ్బు.

మర్యాద సంగతికొస్తే, నీకు మొదటి వారమే కోపమొస్తుంది. అరవయ్యేళ్ల మనిషి "నువ్వు జర మంచిగ చూడు" అంటాడు. పెద్ద సార్ గురించి "సార్ వచ్చిండు" అంటారు. మన చెవికి అది ఏకవచనం, వాళ్ల నోట చనువుతో కూడిన గౌరవం. సొంత నాన్ననూ అలాగే పిలుస్తారు. నువ్వు మాత్రం మీరు అనే అను, ముందు వరస చేర్చు: అన్నా, అక్కా, పెద్దమ్మా, తాతా. వరస లేని ఒట్టి 'మీరు' చలిగా ఉంటుంది. పేదవాడైతే నువ్వు, చొక్కా నలగనివాడైతే మీరు అనే అలవాటు వార్డుల్లో ఉంది. నాకది అసహ్యం, నీకు అంటుకోనివ్వకు. "మా నాయిన పోయిండు" అంటే పొలానికి వెళ్లాడని కావచ్చు, కంగారుపడి సంతాపం చెప్పకు. అక్కడ పోవడం అంటే వెళ్లడమే.

అలాగని వాళ్ల యాసను పలకబోకు. మాటలు నేర్చుకో, రాగం వద్దు. ఏళ్ల తరబడి సినిమాల్లో ఆ యాసను రౌడీలకూ హాస్యగాళ్లకూ అంటగట్టారు, ఆ మంట ఇంకా ఉంది. మన గొంతులో "గట్లనా" వినబడితే వెక్కిరింత అనుకుంటారు, తప్పు వాళ్లది కాదు. నీ గుంటూరు తెలుగే నిదానంగా మాట్లాడుతూ, మధ్యలో పెయ్యి, గోలీ, దమ్ము వాడితే చాలు.

పక్కన ఎవరున్నారన్నది కూడా అర్థాన్ని మారుస్తుంది. అత్త పక్కనుంటే కోడలు "అంత మంచిగనే ఉన్నది" అంటుంది. నెలసరి సంగతి మగవాళ్ల ముందు రాదు. ఓపీ చీటీ మీద ముద్ర వేయించుకు రమ్మని వాళ్లను బయటికి పంపు, అప్పుడు అడుగు. "నీళ్లు పోసుకున్న" అంటే స్నానం అనుకోకు, గర్భం కావచ్చు. ఎక్స్‌రే రాసేముందు నెల ఎప్పుడు తప్పిందో తేల్చుకో. మహబూబాబాద్ తండాల నుంచి లంబాడీలు, ఏటూరునాగారం వైపు నుంచి కోయలు వస్తారు. ముసలివాళ్లకు తెలుగు రెండో భాష, "ఆఁ ఆఁ" అనడం మర్యాదకే. మనవణ్ణో మనవరాలినో దగ్గర కూర్చోబెట్టుకో, కానీ ప్రశ్న రోగి ముఖం చూసే అడుగు.

చివరికి నీ మాటలు. "ఏం కాదు" అని ధైర్యం చెప్తావు, జబ్బే లేదని గోలీలు ఆపేస్తారు. "బీపీ కంట్రోల్‌లో ఉంది" అన్నా అంతే, "గోలీల వల్లనే మంచిగుంది, ఆపితే మళ్ల పెరుగుతది" అని మొత్తం చెప్పు. రిపోర్ట్ నెగెటివ్ అంటే చెడ్డదనుకుంటారు, "ఆ రోగం లేదు" అను. సీరియస్ అన్న మాట ఊళ్లో చావుకు ముందు మాట, ఊరికే వాడితే బంధువులంతా దిగుతారు. చనిపోతే మాత్రం "ఇక లేరు", "ఎక్స్‌పైర్ అయ్యారు" అని చుట్టు తిప్పకు. చనిపోయారు అని ఒకే మాట, కూర్చోబెట్టి, నెమ్మదిగా. మోతాదు చెప్పాక "ఇంటికి పోయినంక మీ బిడ్డకు ఎట్ల చెప్తవో నాకు చెప్పు" అను. తప్పు అక్కడ దొరుకుతుంది. సిరప్‌కు చెంచా అనకు, చెంచాలు రకరకాలు. మూతకున్న గీత చూపించి 5 మిల్లీలీటర్లు పోయించు.

రైతుల మాటలకు 1962లోనే భద్రిరాజు కృష్ణమూర్తిగారు వృత్తి పదకోశం కూర్చారు, తర్వాత చేనేతకూ వచ్చింది. రోగుల మాటల కోశం నువ్వే రాసుకో. జేబులో పట్టే పుస్తకం, ఎడమవైపు విన్న మాట, కుడివైపు అర్థం, పక్కన ఏ ఊరు, ఎంత వయసు. రోజుకు ఐదు మాటలు చాలు. అర్థం తోటి పీజీలను అడగకు, వాళ్లలో సగం మంది నీలాగే వచ్చినవాళ్లు. రాత్రి డ్యూటీ ఆయమ్మను అడుగు. కేస్ షీట్‌లో మొదటి వరుస రోగి అన్న మాట అన్నట్టే తెలుగులో రాసి, దాని కింద నీ ఇంగ్లీషు రాయి. నువ్వు తప్పుగా అర్థం చేసుకున్నా, పొద్దున రౌండ్‌కు వచ్చినవాళ్లెవరైనా పట్టుకుంటారు.

చలికాలం అక్కడ మనకన్నా ఎక్కువ, రగ్గు మర్చిపోకు.

పెదనాన్న