కబడ్డీ ఆడే పాప రగ్బీ అంటోంది, ఏం చేయాలి?

ప్రశ్న: మాది పలమనేరు దగ్గర పల్లె. టమాటా వేస్తాం, రెండు ఆవులున్నాయి. పాప తిరుపతిలో హాస్టల్లో ఉండి సీనియర్ ఇంటర్ చదువుతోంది. కబడ్డీలో జిల్లాకు ఆడింది. ఇప్పుడేమో రగ్బీలో చేరతా, దేశానికి ఆడతా అంటోంది. ఆ ఆటను మేం కళ్లతో చూసింది లేదు. దాంతో బతుకు గడుస్తుందా?

జవాబు: ఒక్క రగ్బీతో గడవదు. ఈ మాట ముందే చెప్పేస్తున్నా. అలాగని పాపను ఆపమనడం లేదు.

2025 సెప్టెంబర్ 27న లండన్‌లో మహిళల రగ్బీ ప్రపంచ కప్ ఫైనల్ జరిగింది. ఇంగ్లండ్ 33-13తో కెనడాను ఓడించింది. స్టేడియంలో 81,885 మంది. పాప ఫోన్లో చూసింది బహుశా ఇదే. ఆ ఇంగ్లండ్ అమ్మాయిలకు జీతాలున్నాయి, నిజమే. కానీ పదిహేను మంది ఆడే ఆటకు అక్కడ పూర్తికాలపు కాంట్రాక్టులు మొదలైందే 2019లో, అదీ 28 మందికి. 2014లో వాళ్లకు కప్పు తెచ్చిన కెప్టెన్ కేటీ మెక్లీన్ ప్రైమరీ స్కూల్ టీచరు. మన అమ్మాయిల జట్టు పదిహేను మంది ఆటలో తొలి అంతర్జాతీయ మ్యాచ్ ఆడింది 2018లో. తొలి గెలుపు 2019లో, మనీలాలో సింగపూర్ మీద 21-19. ఇంగ్లండ్‌లోనే అన్నేళ్లు పట్టింది, ఇక్కడ జీతాల మాట ఇప్పట్లో నమ్ముకోలేం.

పాపకు దారి ఏడుగురు ఆడే సెవెన్స్. ఒలింపిక్స్‌లో 2016 నుంచి ఉన్నది అదే. సగానికి ఏడు నిమిషాలు, కానీ రోజుకు రెండు మూడు మ్యాచ్‌లు. కబడ్డీ పిల్లకు పట్టు కొత్త కాదు, అది మంచి పెట్టుబడి. ఇబ్బందీ అక్కడే. కబడ్డీలో పట్టినదాన్ని కూత ఆగేదాకా వదలకూడదు కదా, రగ్బీలో కింద పడేశాక వెంటనే వదిలేయాలి. బంతి చేత్తో ముందుకు విసరకూడదు, పక్కకో వెనక్కో ఇవ్వాలి. ఓసారి గ్రౌండులో చూశా. కబడ్డీ నుంచి వచ్చిన ఒకమ్మాయి ఎదుటి పిల్లను నడుం దగ్గర పట్టి భలే పడేసింది. కానీ వదిలితేగా! విజిల్ మోగితే తెల్లమొహం వేసింది. ఈ అలవాటు మారడానికే నెలలు పడుతుంది.

ఉద్యోగం సంగతి. 2020లో కేంద్రం క్రీడా కోటా జాబితాలో చేర్చిన ఆటల్లో రగ్బీ ఉంది. ఆ కోటాకు చూపించే సర్టిఫికెట్లు ఇవీ: దేశానికి ఆడితే ఫారం-1, రాష్ట్రం తరఫున జాతీయ పోటీల్లో ఆడితే ఫారం-2, యూనివర్సిటీ తరఫున అంతర్ విశ్వవిద్యాలయ పోటీలకు వెళ్తే ఫారం-3, జాతీయ పాఠశాల క్రీడలకు ఫారం-4. జిల్లా సర్టిఫికెట్ ఎంత అందంగా ఫ్రేము కట్టించినా అక్కడ చెల్లదు. అందుకే దేశం జట్టు అందకపోయినా ఫారం-2, ఫారం-3 మీద గురి పెట్టమనండి. వాటికి డిగ్రీ తోడుంటే విలువ పెరుగుతుంది. తర్వాత వ్యాయామ విద్యలో బీపీఈడీ చేస్తే స్కూల్లో ఆటల టీచరు (పీఈటీ) దారీ ఉంటుంది.

దెబ్బల గురించి మీరు అడగలేదు గానీ నేను చెప్పాలి. భుజం, మోకాలు, తల. తిరుపతిలో ఎముకల వైద్యానికి బర్డ్ ఆసుపత్రి ఉందిలే అని ధైర్యపడే సంగతి కాదు. తలకు దెబ్బ తగిలి కళ్లు తిరిగినా, మాట తడబడినా ఆ రోజు మళ్లీ గ్రౌండులోకి దిగనివ్వకూడదు. “ఏం కాదు, ఆడు” అనే కోచ్ దగ్గర పాపను ఉంచొద్దు. పళ్లకు మౌత్‌గార్డ్ లేకుండా టాకిల్, అంటే పట్టి పడేసే ప్రాక్టీసూ వద్దు. తిండికి మీకు లోటు లేదు, సంగటి, పాలు ఇంట్లోవే. హాస్టల్లో రోజూ గుడ్డు దొరుకుతుందో లేదో కనుక్కోండి.

ఇంటర్ అయ్యాక తిరుపతిలోనే డిగ్రీలో చేర్చండి. ఫీజు కట్టకముందు ప్రిన్సిపాల్‌ను కాదు, అక్కడి ఫిజికల్ డైరెక్టర్‌ను కలవండి: “మీ యూనివర్సిటీ పోయిన ఏడాది అమ్మాయిల రగ్బీ జట్టును పంపిందా సార్?” పంపలేదంటే ఇంకో కాలేజీ చూడండి.